కండ్లు మూసుకొమ్మన్న మొసలి

మా హోటల్‌కు బోర్డు లేదు. చిక్కడపల్లి మెయిన్ రోడ్డు మీదికెళ్లి అశోక్‌నగర్ దిక్కు పోయే గల్లీల, కిరాణా దుకాణం గోడకు ఆనుకొని రెండు స్టవ్వులు, మూడు బెంచీలు, మీద ఒక నీలం తాటిపత్రి. గంతే. అయినా సాయంత్రం నాలుగైతే కూసుండెటందుకు జాగ దొరకది. నా చాయ్ కోసం వస్తున్నరని చాన దినాలు మురిసిన. చాయ్ కోసం కాదు, విఠలన్న ముచ్చట కోసం వస్తున్నరని తర్వాత ఎరుకైంది.

విఠలన్న నారాయణగూడల ఒక ప్రెస్సుల బైండింగ్ పని చేస్తడు. నలభై ఐదేండ్లుంటయి, సన్నటి మనిషి. తాతల కాలం నుంచి ఇదే గల్లీ. ప్రెస్సుల మిషన్ల సప్పుడుకు మాట్లాడ వశం కాదు, ఇంట్ల వదిన మాట్లాడనియ్యది. దినమంత జమ అయిన మాటలన్ని తెచ్చి మా బెంచీ మీద కుమ్మరిస్తడు. ట్యాంక్‌బండ్ మీద డబుల్ డెక్కర్ బస్సును ఒక్క చేత్తోని ఆపిన ముచ్చట ఆయనదే. నుమాయిష్ ఎగ్జిబిషన్‌ల తప్పిపోయిన ఒంటెను వాసన చూసి పట్టుకున్న ముచ్చట గూడ ఆయనదే. అబద్ధమని అందరికీ ఎరుకే. అయినా చెప్పుతుంటే చాయ్ సల్లారిపోయేది, ఒక్కడు లేచేటోడు కాదు.

తొంభై ఏడు, జూన్ నెల. ఆ దినం వాన ఆగకుండ కొడుతున్నది. పక్క గల్లీల పాత ఇల్లు కూలగొట్టి అపార్ట్‌మెంట్ కడుతున్నరు, ఆ పనోళ్లంత తాటిపత్రి కిందికి వచ్చిండ్రు. మేస్త్రి లక్ష్మయ్య పాలమూరు దిక్కాయన, నెమ్మది మనిషి. ఆయన ఎనుక మాసమ్మ అని ఒకామె, ఇటుకలు మోస్తది, పనికి కుదిరి పది దినాలు గూడ కాలే, మా కాడికి చాయ్‌కు వచ్చుడు అదే మొదలు. గోడ పక్కన గొంతు కూసొని గ్లాసు రెండు చేతుల్ల పట్టుకున్నది. గ్రూప్ పరీక్షలకు తయారయ్యే తరుణ్ ఎప్పటి లెక్కనే పుస్తకాల సంచి ఒళ్లె పెట్టుకొని బెంచీ చివర ఉన్నడు.

"మీదికెళ్లి ఇంత వాన పడుతున్నది, నల్లాల మాత్రం మూడు దినాలైంది సుక్క లేదు," అన్నడు లక్ష్మయ్య. "పనోళ్లు తాగెటందుకు ఎట్ల? మంజీర నీళ్లు ఎప్పుడొస్తయో ఏమో."

గా పేరు విన్నడు విఠలన్న. సాసర్ల చాయ్ పోసుకునేటోడు ఆగిండు.

"మంజీర ఎప్పుడొస్తదో నన్నడుగు లక్ష్మన్నా. దాన్ని ఈ చేతుల్తోని కొలిచినోన్ని."

"నువ్వా?" అన్న నేను.

"నేను గాక మీ నాయినా? ఏడేండ్ల కింద, దసరాకు ముందు. ప్రెస్సు రెండు నెలలు బందయింది. అప్పుడు నది పటం గీసెటందుకు సర్వేవాళ్లు పోతున్నరు, ఒక మనిషి కావాలన్నరు. పోయిన. సంగారెడ్డి అవతల, కట్ట ఎనుక నీళ్లు నిలిచిన కాడ. పుట్టి అంటరు, బుట్ట లెక్క గుండ్రంగ ఉంటది, దాంట్ల కూసుండాలె, కర్ర నీళ్లల్ల దించాలె, ఎంత లోతు ఉన్నదో కేకెయ్యాలె. ఆఫీసరు రాసుకుంటడు. ఎనిమిది దినాలు గదే పని. పెద్ద గొప్ప ఏం లేదు."

ఆయన నోటి నుంచి "గొప్ప ఏం లేదు" అన్న మాట వచ్చిందంటే ముందు పెద్దదే ఉన్నదని అర్థం. నేను స్టవ్వు చిన్నగ చేసిన.

"నదులన్ని ఉరుకుతయి గద. మంజీర ఉరకది. నడువది గూడ. కూసున్న కాడికెళ్లి జర జరుగుతది, అంతే. నేను పొద్దుగాల లుంగీ నీళ్లల్ల జాడిస్తుంటే చెయ్యి జారి పోయింది. పోతే పోనీ అని బస్సెక్కి సంగారెడ్డి పోయిన, చాయ్ తాగిన, గడ్డం గీయించుకున్న, తిరిగొచ్చి చూస్తే లుంగీ నాలుగు గజాలు పోయింది. తీసి పిండుకొని కట్టుకున్న."

"నాలుగు గజాలేనా అన్నా?" అన్నడు తరుణ్.

"మూడున్నర అనుకో. నేను ఎక్కువ చేసి చెప్పేటోన్ని కాదు. మరి గంత నిమ్మలమైన నీళ్లైతే ఏమైతది? జమ్ము మొలుస్తది, తుంగ మొలుస్తది, నడుమల గడ్డలు లేస్తయి, ఎక్కడెక్కడి పక్షులన్ని గక్కడికే. ఎర్రకాళ్ల కొంగలు ఎన్ని ఉండెనంటే నీళ్లు కనవడకపోయేది, కాళ్లే కనవడేది. చలికాలంల హిమాలయాలు దాటి బాతులు వస్తయంట, అవి ఆ ఏడు ముందుగాలనే వచ్చినయి. ఎందుకో తెలుసా? నేను వచ్చిన అని."

మేస్త్రి నోట్ల బిస్కెట్ పెట్టుకొని నవ్విండు.

"నవ్వకు లక్ష్మన్నా. నేను లోతెంతని కేకేస్తే ఆఫీసరు కంటె ముందు కొంగలే నిలబడి చూపించేటియి. మోకాలు లోతైతే మోకాళ్ల దాక, నడుము లోతైతే నడుము దాక. నాలుగో దినం నుంచి నేను కర్ర దించుడే బంద్ చేసిన."

"సరే, ఆ తర్వాత?" అన్న.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? ఆరో దినం. ఆఫీసరు నన్ను ఒక గడ్డ మీద దించిండు. దాని మీద ఒక్కటే తుమ్మ చెట్టు. గంటకొకసారి నీళ్లు ఎంత పెరిగినయో కర్ర మీద గీత గీసుకో, సాయంత్రం వస్త అని పోయిండు. నా పుట్టి నా దగ్గర్నే ఉండె. నేను కర్ర పాతిన, గీత గీసిన, రొట్టె తిన్న. గంటైనంక చూస్తె కర్ర లేదు."

"కొట్టుకపోయిందా?"

"కర్ర పోలే తమ్మీ, గడ్డ పోయింది! కర్ర దూరంల అక్కడ్నే నీళ్లల్ల నిలబడి ఉన్నది, నేనున్న గడ్డ జరుగుతున్నది. ఇదేందిరా అని వంగి మన్ను గోకిన. మన్ను కింద పొలుసులు. గరుకుగ, పెంకుల్లెక్క. గడ్డ గాదు, మొసలి. ఎన్నేండ్లు కదలకుండ పండుకున్నదో ఏమో, వీపు మీద ఒండ్రు పేరుకొని, గడ్డి మొలిచి, తుమ్మ చెట్టు పెరిగింది. చెట్టు మీద రెండు కొంగ గూళ్లు. గూళ్లల్ల పిల్లలు."

తాటిపత్రి మీద వాన దబదబ కొడుతున్నది. మాసమ్మ తల ఎత్తింది.

"అన్నా," అన్నది మెల్లగ. ఆ దినం ఆమె నోటి నుంచి వచ్చిన మొదటి మాట అదే. "పుట్టి ఏమైంది మరి?"

విఠలన్న ఆమె దిక్కు చూసిండు. ఇట్లాంటిది ఆయననెవరూ అడగరు. "పుట్టి... పోయింది. కట్టెయ్య మరిచిన," అన్నడు. మళ్ల గొంతు పెంచి, "పుట్టి ఎవనికి కావాలె? కింద మొసలి ఉండంగ!" అన్నడు.

"బీదర్ దిక్కు వాన పడ్డది. అయితే ఆ నది ఎట్ల పెరుగుతదో చెప్తె మీకు ఒళ్లు జలదరిస్తది. ఉరికే నదైతే మొత్తుకుంట వస్తది, మనిషి వింటడు, ఉరుకుతడు. మంజీర సప్పుడు చెయ్యది. అలల్లేవు, నురుగు లేదు. రొట్టె ముక్క నోట్ల పెట్టుకొని కిందికి చూస్తే చెప్పులు తడిసినయి. నమిలి మింగి చూస్తె మోకాలు. గట్ల."

ఆ నాలుగు మాటలు చెప్పేటప్పుడు ఆయన గొంతు జర తగ్గింది. నేను గమనించిన గానీ అప్పుడు పట్టించుకోలే.

"నేను చెట్టెక్కిన. మొసలి మీద చెట్టు, చెట్టు మీద నేను, నా నెత్తి మీద కొంగలు. మొసలి లేచింది. ఎటు పోతున్నదో తెలుసా? పట్నం దిక్కు! సీదా హైదరాబాద్! అప్పటిదాక మంజీర గూడ ఇటే వస్తుండె. తరుణ్‌ను అడుగుండ్రి. తమ్మీ, నీ సంచిల పటం ఉన్నదా?"

తరుణ్ అట్లాస్ తీసి విప్పిండు. వేలు పెట్టి నీలం గీత ఎంబడి పోయిండు. "మహారాష్ట్రల పుట్టింది... బీదర్... గిటు తూర్పు దక్షిణం వచ్చింది..." వేలు ఆగింది. "అరే! సంగారెడ్డి కాడ నిజంగనే ఉత్తరం దిక్కు తిరిగింది. ఎన్కకు మర్లిపోయినట్టె పోయి, నిజామాబాద్ దాటి గోదావరిల కలిసింది."

మేస్త్రి లేచి పోయి పటంల మొఖం పెట్టిండు. నేను గూడ గరిటె పట్టుకొని పోయిన. నిజమే. పట్నం దిక్కు వస్తున్న నది, మనను చూసి అలిగినట్టు, మొఖం తిప్పుకొని పోయింది. నా చిన్నప్పటి నుంచి గా నది నీళ్లు తాగుతున్న, ఈ సంగతి నాకు తెల్వనే తెల్వదు.

"ఎందుకు తిరిగింది?" అన్నడు విఠలన్న, రెండు చేతులు నడుము మీద పెట్టుకొని. "నేను తిప్పిన! ఇంత పెద్ద మొసలి చిక్కడపల్లికి వస్తే గల్లీల పడతదా? పిల్లలున్నరు, ముసలోళ్లున్నరు. తుమ్మ కొమ్మ ఒకటి విరిచి మొసలి ఎడమ చెవుల పొడిచిన. అది కుయ్యిమని ఉత్తరానికి తిరిగింది. అది తిరిగితే నీళ్లు తిరిగినయి. నేను గన్క ఆ పొద్దు తిప్పకపోతే, ఇయ్యాల ఆర్టీసీ క్రాస్‌రోడ్డుల పడవలు తిరిగేటియి, గీ గోవర్ధన్ పుట్టిల కూసొని చాయ్ అమ్మేటోడు."

"అన్నా, ఈ అట్లాస్ ఎనభై అయిదుల అచ్చైంది," అన్నడు తరుణ్. "నువ్వు పోయింది తొంభైల."

"ప్రెస్సుల పని చేసేటోనికి అచ్చు సంగతి చెప్తున్నవా? ముందుగాల అచ్చేస్తరు, తర్వాత నదిని తిప్పుతరు. గట్లనే ఉంటది లెక్క."

ఇగ నవ్వులే నవ్వులు. కిరాణా దుకాణమాయన గోడ మీదికెళ్లి తొంగి చూసిండు. విఠలన్నకు ఇంకింత ఊపొచ్చింది.

"ఆగుండ్రి, ఇంకా అయిపోలే. మొసలికి కోపమొచ్చి తోక ఒక్కటి కొట్టింది. నది ఏడు ముక్కలైంది. ఏడుపాయలు అంటరు చూడు, మెదక్ దిక్కు, ఏడు పాయలుగ చీలుతది? గదే. ఒక్కొక్క పాయల ఒక్కొక్క కాలు, మిగిలిన మూడు పాయలల్ల తోక. నేను చెట్టు దిగి మొసలి మెడ మీద కూసున్న. నీళ్లు నా గొంతు దాక వచ్చినయి."

"భయం కాలేదా విఠలన్నా?" అన్నడు లక్ష్మయ్య.

"భయమా? నాకెందుకు భయం? మొసలే నాకు ధైర్యం చెప్పింది."

"మొసలి మాట్లాడిందా?"

"ఏం, మాట్లాడదా? మెదక్ జిల్లా మొసలి, సక్కటి తెలుగు మాట్లాడుతది. 'కండ్లు మూసుకో బిడ్డా' అన్నది. 'నీళ్ల దిక్కు చూడకు. నా మెడ గట్టిగ పట్టుకో, కాళ్లు పైకి ముడుచుకో, కింద మోళ్లున్నయి' అన్నది."

తరుణ్ బెంచీ మీద పడి పడి నవ్వుతున్నడు. మేస్త్రి కండ్లల్ల నీళ్లొచ్చినయి. మాసమ్మ ఒక్కతే నవ్వలే. గ్లాసు కింద పెట్టి లేచి నిలబడ్డది.

"ఇంకేమన్నది మొసలి?" అన్నది.

"ఇంకేమంటది..." విఠలన్న ఊపుల ఉన్నడు, ఆగలే. "'సర్రున జారకు బిడ్డా, ఇది మా పాత పొలం గెట్టు, నాకు ఎరుకే, నా కాళ్లకు ఎరుకే' అన్నది."

అని ఆగిండు. మొసలికి పొలమేంది, గెట్టేంది? ఆయనకే తన మాట కొత్తగ వినవడ్డట్టున్నది. నవ్వులు ఒక్కొక్కటి బందయినయి.

"నీది చిక్కడపల్లి," అన్నది మాసమ్మ. "నీ పేరు విఠల్. 'నేను సచ్చిపోతే చిక్కడపల్లిల మా ఇంట్ల చెప్పుండ్రి' అని దారి పొడుగుత ఏడ్చినవు. అవునా కాదా?"

విఠలన్న వంగి ఆమె మొఖం దిక్కు చూసిండు.

"మొసలి వీపు గాదు అది," అన్నది. "మా అత్త వీపు."

స్టవ్వు మీద పాలు పొంగి కారుతున్నయి, నేను చూస్తున్న గానీ చెయ్యి కదలలే.

మాసమ్మ చెప్పింది. గట్టిగ ఏం చెప్పలే, ఇటుకలు లెక్క పెట్టినట్టు ఒక్కొక్క మాట చెప్పింది. వాళ్లది నది ఒడ్డు ఊరు. కట్ట కట్టినంక వాళ్ల పొలం నీళ్ల కిందికి పోయింది. ఆ దినం మొగోళ్లందరు అంగడికి పోయిండ్రు. నది నడుమల తుమ్మ చెట్టు మీద ఎవరో మొత్తుకుంటుంటే అత్త కురుమమ్మ, కోడలు మాసమ్మ బర్రెలను ఇడిచి ఒడ్డుకు ఉరికిండ్రు. పుట్టి లేదు, ఈత వచ్చినోళ్లు లేరు. చెట్టు కొమ్మలు ఒక్కొక్కటి మునుగుతున్నయి. కురుమమ్మకు అప్పటికే యాభై ఐదేండ్లు. మనిషి ఇంతే ఉంటది, మాసమ్మ భుజం దాక. చీర కొంగు నడుముకు చుట్టి, గొర్లు కాసే కట్టె పట్టుకొని నీళ్లల్ల దిగింది.

"నది నడుమ దాక మా గెట్టు ఉంటది, నీళ్ల కింద. అత్త కాపురానికి వచ్చినప్పటి నుంచి సద్ది తీస్కపోయిన తొవ్వ అది. కండ్లకు కనవడది, కాళ్లతోని తడుముకుంట పోయింది. గొంతు దాక నీళ్లు. నేను ఒడ్డు మీద నిలబడి మొత్తుకుంటున్న. ఈయనేమో చెట్టు ఇడుస్తలేడు. కాలు కింద పెట్టు అంటే పెడతలేడు, వణుకుతున్నడు. ఇగ వీపు మీద ఎక్కించుకున్నది."

"మొసళ్లు..." అన్నడు తరుణ్.

"మొసళ్లు ఎవ్వరినీ ఏం చెయ్యలే. కొట్టేసిన తుమ్మల మోళ్లు ఉంటయి నీళ్ల కింద. గెట్టు తెగిన కాడ ఒకటి అత్త కాల్ల దిగింది. ఒడ్డుకు తెచ్చి ఈయనను దించినంకనే నాకు చూపించింది. ఈయన పొయ్యి కాడ కూసొని వణుకుతున్నడు. మా మామ ధోతి కప్పిన. సాయంత్రం జీపు వచ్చింది, ఎక్కి పోయిండు. వారం తిరిగేసరికి అత్త కాలు నల్లగైంది. దవఖానల మోకాలు కిందికి తీసేసిండ్రు."

విఠలన్న బెంచీ మీద ఒరిగిండు. నేను పోయి పట్టుకున్న.

"కాలా?" అన్నడు. "కాలు తీసేసిండ్రా?"

"అత్త నిన్ను ఒక్క మాట అనలే. ఒక్కటే అడుగుతది ఏడేండ్ల నుంచి. పట్నం పోయినోళ్లు ఎవరు వచ్చినా అడుగుతది. 'చిక్కడపల్లి అంట. ఆ పిలగాడు ఇల్లు చేరిండో లేదో' అని. మేస్త్రి ఇక్కడ పని ఉన్నదంటే, గా పేరు విని, నేను కూలి ఎంతని గూడ అడగకుంట వచ్చిన."

డబుల్ డెక్కర్ను ఆపిన మనిషి, ఒంటెను పట్టిన మనిషి, మా అందరి ముందట చిన్న పిలగాని లెక్క తల మోకాళ్లల్ల పెట్టుకున్నడు. ఆఖరుకు లక్ష్మయ్యే అడిగిండు, కోపం లేకుండనే: "ఒక్కసారన్న పోయి చూడకపోతివా అన్నా?"

"పోదామనుకున్న," అన్నడు విఠలన్న తలెత్తకుండ. "వట్టి మాట గాదు, రెండుసార్లు సంగారెడ్డి బస్సెక్కిన. పటాన్‌చెరుల దిగి ఎన్కకు మర్లొచ్చిన. ఏం మొఖం పెట్టుకొని పోవాలె? ఇంత మొగోన్ని, ముసలామె వీపెక్కి ఏడ్చుకుంట వచ్చిన. పేరు గూడ అడగలే. ప్రెస్సుల అందరు అడిగిండ్రు, ఎట్ల బయటపడ్డవని. చెప్దామనే నోరు తెరిచిన. నోట్లకెళ్లి మొసలి అని వచ్చింది. నవ్విండ్రు. నాకు పానం తేలికైంది. రెండోసారి మొసలి జర పెద్దగైంది. ఇగ తగ్గియ్య వశం కాలే."

ఆ మాటలు చెప్పెటప్పుడు ఆయన మామూలు గొంతు మొదటిసారి విన్న నేను. సన్నగ ఉంటది.

ఆదివారం నాడు హోటల్ మూసిన. విఠలన్న నన్ను అడగలే గానీ ఆయనను ఒక్కన్ని పంపితే మళ్ల పటాన్‌చెరుల దిగుతడని నాకు భయం. మాసమ్మ ముందల, మేమిద్దరం ఎనుక. సంగారెడ్డిల బస్సు మారి, ఇంకో బస్సు దిగి, రెండు మైళ్లు నడిచినం. దారంత ఆయన ఒక్క ముచ్చట చెప్పలే. నది కనవడ్డది. నేను మంజీరను చూసుడు అదే మొదలు. అంత వెడల్పు నీళ్లు, కదులుతున్నట్టు లేదు. జమ్ముల నడుమ తెల్లటి కొంగలు. ఒక ఎండు కొమ్మ ఒడ్డు పక్క నుంచి పోతున్నది, మేం నడిచినంత సేపు మాతోనే ఉన్నది.

కురుమమ్మ రేకుల షెడ్డు కింద కూసొని చింతపండుల గింజలు తీస్తున్నది. పక్కన చంకల పెట్టుకునే కట్టె. మాసమ్మ చెప్పింది నిజమే, మనిషి ఇంతే ఉన్నది. గీమె మీద గీయన ఎక్కి వచ్చిండా అని నేను ఇద్దర్ని మార్చి మార్చి చూసిన.

"అత్తా, చిక్కడపల్లాయన వచ్చిండు," అన్నది మాసమ్మ.

ముసలామె చెయ్యి ఆగింది. కండ్ల మీద చెయ్యి అడ్డం పెట్టుకొని చూసింది.

"ఇల్లు చేరినవా బిడ్డా?" అన్నది.

విఠలన్న వంగి, కాళ్లు మొక్కెటందుకు రెండు చేతులు చాపిండు. ఒక్క పాదమే దొరికింది. రెండో చెయ్యి చీర కుచ్చిళ్ల కాడ గాలిల ఉండిపోయింది. గప్పుడు ఏడ్చిండు, ఊరంత వినవడేటట్టు. ఆమె చింతపండు చేతుల్తోనే ఆయన తల నిమిరింది.

"నా కోసం కాలు పోగొట్టుకుంటివి అమ్మా."

"నీ కోసం ఏంది, మోడు కోసింది. ఊరుకో. మంచిగున్నవా? పిల్లలా?"

"ఇద్దరు." ముక్కు తుడుచుకున్నడు. "అమ్మా, నేనొక తప్పు చేసిన. నీ పేరు ఎవ్వరికీ చెప్పలే. మొసలి వీపెక్కి బయటపడ్డ అని ఏడేండ్లు అబద్ధం చెప్పుకుంట తిరిగిన."

ఆమె పండ్లు లేని నోటితోని కిలకిల నవ్వింది. నవ్వి, సగంల ఆగింది. మొఖం మారింది.

"మొసలి సంగతి నీకెవరు చెప్పిండ్రు?"

"ఎవరు చెప్పలేదమ్మా. నేనే పుట్టించిన."

"పుట్టించుడేంది? ఉండె గద."

మాసమ్మ అత్త దిక్కు తిరిగింది.

"గెట్టు సగం దాటినంక పక్కకు వచ్చింది," అన్నది కురుమమ్మ, గింజ ఒకటి తీసి పక్కకు ఏసుకుంట. "పెద్దదే. మనతోనే సమానంగ, సప్పుడు లేకుంట ఒడ్డు దాక వచ్చింది. నువ్వు చూస్తే తన్నులాడుతవు, ఇద్దరం దాని నోట్ల పడుతుంటిమి. గందుకే కండ్లు మూసుకొమ్మన్న. మరి ఏమనుకున్నవు, ఊకెనే అన్ననా?"

"నాకు గూడ ఒక్కనాడు చెప్పకపోతివి అత్తా!" అన్నది మాసమ్మ.

"చెప్తే నువ్వు మళ్ల బర్రెలను నీళ్లకు తోల్కపోదువా?"

విఠలన్న అట్లనే మోకాళ్ల మీద ఉన్నడు.

"ఎంత దూరంల ఉండె అమ్మా?"

ఆమె నది దిక్కు చూసి జర సేపు గుర్తు తెచ్చుకున్నది.

"దూరమేంది బిడ్డా. కుడి దిక్కే. నువ్వు చెయ్యి చాపితే అందేది."

విఠలన్న తన కుడిచెయ్యి మెల్లగ దగ్గరికి తీసుకొని, ఒళ్లె పెట్టుకొని, దాని మీద ఎడమ చెయ్యి పెట్టుకున్నడు.